నిదానపు సినిమాను దేనితో కొలవాలి?

సంపాదకులకు నమస్కారం.

సీమ జిల్లాల నుంచి పొడవైన షాట్లతో నిదానంగా సాగే మొదటి సినిమాతో వస్తున్న స్వతంత్ర దర్శకుల మీద సమీక్ష పడినప్పుడల్లా మన పత్రికల్లో రెండు మాటలే తిరుగుతున్నాయి. నచ్చితే ‘కవితాత్మకం’, నచ్చకపోతే ‘ల్యాగ్’. ఏ మాట వాడినా సినిమా ఎలా తీశారన్న సంగతి మాత్రం రాదు. ఒక షాట్ (కోత లేకుండా ఒకే బిగిన తీసిన ముక్క) రెండు నిమిషాలు ఎందుకుంది, ఆ రెండు నిమిషాల్లో ఏం మారింది, ఆ మార్పు జనానికి అందిందా లేదా, అందకపోతే తప్పు దర్శకుడిదా, హాలుదా అన్నది ఎవరూ రాయడం లేదు. పంట పోయిందని రాసే విలేఖరి విత్తనమేది, పదును ఎప్పుడైంది, తెగులేమిటి అని అడిగి రాస్తాడు. సినిమాకూ అంత శ్రద్ధ దక్కాలని ఈ ఉత్తరం.

ఇలాంటి సినిమాల్లో కథ ఉండదన్నది పెద్ద అపోహ. కథ ఉంటుంది. కాకపోతే అది మాటల్లోనో మలుపుల్లోనో కాకుండా షాట్ లోపల జరిగే మార్పులో ఉంటుంది. కదిరి, కళ్యాణదుర్గం, రాయచోటి వైపు అందరూ చూసిందే ఒకటి తీసుకుందాం: చేనులో బోరు వేయడం. మామూలు సినిమాలో ఇది ఇరవై సెకన్ల పని. రిగ్గు లారీ వస్తుంది, కొబ్బరికాయ కొడతారు, దుమ్ము లేస్తుంది, నీళ్లు ఎగజిమ్ముతాయి లేదా రైతు తల పట్టుకుంటాడు. నిదానంగా తీసే దర్శకుడు రాడ్లను లెక్కపెట్టుకుంటాడు. రాడ్డు సుమారు 20 అడుగులుంటే 600 అడుగుల బోరుకు 30 రాడ్లు దిగాలి. ఒక్కో రాడ్డు దిగాక మిషను ఆగుతుంది, కొత్తది బిగిస్తారు, మళ్లీ మోత మొదలవుతుంది. బిల్లు అడుగుకింత అని పడుతుంది కాబట్టి మిషను ఆగిన ప్రతిసారీ ఇంటివాళ్ల మనసులో అప్పు లెక్క ఒక మెట్టు ఎక్కుతుంది. బయటికొచ్చే పొడి ముందు ఎర్రగా ఉంటుంది. బండ తగిలాక బూడిదరంగుకు మారుతుంది. తేమ తగిలితే పొడి లేవడం తగ్గి ముద్దలుగా పడుతుంది. తెల్లగా ఎగురుతూనే ఉందంటే నీళ్లు లేవని అక్కడ నిలబడిన పిల్లవాడికి కూడా తెలుసు.

కాబట్టి కెమెరాను రిగ్గుకు నలభై మీటర్ల దూరంలో, చాప మీద కూర్చున్న ఇంటివాళ్ల వెనక, కూర్చున్న మనిషి కన్ను ఎత్తులో పెట్టి, నాలుగైదు నిమిషాలు కదపకుండా ఉంచితే చాలు. కథంతా పొడి రంగులోనే నడుస్తుంది. ఒక రాడ్డు బిగించడంతో షాట్ మొదలుపెట్టి, అది దిగి మిషను ఆగడంతో ముగిస్తే మొదలూ తుదీ సహజంగా కుదురుతాయి. ఎక్కడ కోయాలా అని ఎడిటింగు బల్ల దగ్గర తడుముకోనక్కర్లేదు.

ఇందులో చెడిపోయేవి కూడా చెప్పాలి. గాలి ఎటు వీస్తోందో చూసి, రిగ్గుకు గాలి వచ్చే వైపున కెమెరా పెట్టాలి. గాలి పోయే వైపున పెడితే రెండో రాడ్డుకే లెన్సు మీద పొర పేరుకుంటుంది. అక్కడ లెన్సు మార్చనే కూడదు. కెమెరా లోపల బొమ్మను పట్టే సెన్సర్ మీద పడిన రాతిపొడి కదలని షాట్‌లో ఆకాశం మీద నల్ల చుక్కై సినిమా అయ్యేదాకా కూర్చుంటుంది. రిగ్గు కంప్రెసర్ మోతకు మైకులో శబ్దం పగిలిపోతుంది. దగ్గర మైకు గెయిన్ (శబ్దాన్ని పెంచే మోతాదు) బాగా తగ్గించి, ఇంకో రికార్డరుతో వంద మీటర్ల అవతల నుంచి అదే మోతను విడిగా తీసుకుంటే మిక్సింగులో రెండూ పనికొస్తాయి. అన్నిటికన్నా ముఖ్యం, సినిమా కోసం ఎవరూ బోరు వేయించలేరు కాబట్టి ఇది నిజంగా వేస్తున్న బోరే అవుతుంది. అప్పు తెచ్చి వేయిస్తున్న కుటుంబం అది. నీళ్లు పడకపోతే ఈ బొమ్మ వాడుకోవచ్చా అని షూటింగుకు ముందూ అడగాలి, ఎడిటింగు అయ్యాక చూపించి మళ్లీ అడగాలి. వద్దంటే తీసేయాలి. దూరం నుంచి తీశామన్నంత మాత్రాన మర్యాద పాటించినట్టు కాదు.

చాలామంది కొత్త దర్శకులు స్లో మోషన్‌ను నిదానం అనుకుంటున్నారు. సెకనుకు 60 ఫ్రేములతో తీసి 24తో ఆడిస్తే కదలిక 40 శాతం వేగానికి పడిపోతుంది. అప్పుడు శబ్దం వాడటానికి కుదరదు, వేణువో పియానోనో తెచ్చి అతికిస్తారు. పని తాలూకు అసలు సమయం అక్కడే పోతుంది. విత్తనానికి చెనిక్కాయలు వొలిచే ఆమె వేళ్లు ఎంత వేగంగా ఆడతాయో, ఎన్ని కాయలకు ఒకసారి నడుము సర్దుకుంటుందో చూపడమే ఆ షాట్ ఉద్దేశం. దాన్ని సాగదీస్తే ఆమె అలసట కనబడదు, దర్శకుడి ముచ్చటే కనబడుతుంది. డ్రోన్ షాట్లదీ ఇదే తంతు. గండికోట లోయ మీద, తిమ్మమ్మ మర్రిమాను మీద ఎగిరే కెమెరా ఆ ఊళ్లో నిలబడిన మనిషి చూపు కాదు.

మరి ఎంతసేపు ఉంచాలి? ఎడిటింగులో దీనికొక పద్ధతి ఉంది. షాట్‌ను పూర్తి నిడివితో, కథ తెలియని ఒకరికి చూపిస్తూ టైమ్‌కోడ్ (షాట్‌తో పాటు నడిచే గడియారం) మీద మూడు గుర్తులు పెట్టుకోవాలి. ఏం జరుగుతోందో ఆ మనిషికి అర్థమైన సెకను మొదటిది. ముందు గమనించని ఇంకో సంగతి కంటపడిన సెకను రెండోది. కూర్చున్న మనిషి కదిలి, చెయ్యి ఫోను వైపు పోయిన సెకను మూడోది. మొదటి గుర్తు దగ్గర కోస్తే మామూలు సినిమా. రెండోది దాటి, మూడోది రాకముందు కోస్తే నిదానపు సినిమా. రెండో గుర్తు అసలు పడనే లేదంటే ఆ షాట్ ఎంత అందంగా ఉన్నా పొడవు పెంచి లాభం లేదు. మూడో గుర్తు దాటి కావాలనే ఉంచే దర్శకులూ ఉన్నారు. హంగరీ దర్శకుడు బేలా తార్ 2011లో తీసిన ‘ది ట్యూరిన్ హార్స్’లో దాదాపు రెండున్నర గంటలకు 30 షాట్లే ఉన్నాయి. కానీ అక్కడ గాలి, బావి, దీపం ఒక్కొక్కటిగా మారుతూ వస్తాయి. ఆ మార్పుల అల్లిక లేకుండా పొడవును మాత్రమే అరువు తెచ్చుకుంటే ‘ల్యాగ్’ అన్న మాట పడక తప్పదు. అలాంటి సినిమాలూ ఉన్నాయి, వాటిని వెనకేసుకురావాలని ఈ ఉత్తరం రాయడం లేదు.

ఈ పరీక్ష లాప్‌టాప్ మీద చేస్తే సరిపోదు. దూరం నుంచి తీసిన షాట్ చిన్న తెర మీద ఖాళీగా కనిపిస్తుంది. పెద్ద తెర మీద కన్ను తిరగడానికి చోటుంటుంది, అదే షాట్ పొట్టిగా తోస్తుంది. కనీసం గోడ మీద ప్రొజెక్టరు వేసుకుని చూశాకే కత్తెర పట్టాలి.

లెక్క కూడా ఒకసారి చూడండి. 90 నిమిషాల సినిమా అంటే 5,400 సెకన్లు. సగటున 5 సెకన్లకో షాట్ అయితే 1,080 షాట్లు. సగటు 45 సెకన్లయితే 120. వెయ్యి షాట్లలో పది చెడిపోతే పక్క షాట్లతో కప్పేయొచ్చు. నూట ఇరవైలో పది చెడిపోతే సినిమాలో పన్నెండో వంతు పోయినట్టే. వెనక్కి వెళ్లి వాడుకోవడానికి వేరే కోణం ఉండదు. తక్కువ షాట్లు కాబట్టి తక్కువ పని అని అనుకునేవాళ్లు ఈ ఒక్క లెక్క చూస్తే చాలు. రిహార్సలే ఇక్కడ ఆధారం. తాడిపత్రిలో పుట్టిన కె.వి. రెడ్డి ‘మాయాబజార్’ (1957)కు రిహార్సల్స్‌లోనే సన్నివేశాల నిడివి లెక్కగట్టుకున్నారు. ఆయన సినిమా వేగం వేరు, కానీ కెమెరా తిరగకముందే కాలాన్ని కొలుచుకునే ఆ అలవాటు ఈ తరహా దర్శకులకు ఇంకా ఎక్కువ అవసరం. బిందెతో నడిచే మనిషి సెకనుకు సుమారు ఒక మీటరు పోతుంది. ఫ్రేములో అరవై మీటర్ల దారి ఉంటే షాట్ నిమిషం. నిమిషం ఎక్కువనిపిస్తే మనిషిని తొందరపెట్టకూడదు, కెమెరాను జరుపుకోవాలి.

ఫిల్ము రోజుల్లో ఈ నిడివికి ఒక హద్దుండేది. 35 ఎంఎం ఫిల్ము నిమిషానికి 90 అడుగులు పోతుంది, వెయ్యి అడుగుల రోలు 11 నిమిషాలకు అయిపోతుంది. ఇప్పుడు కార్డు మీద గంటసేపైనా తీయొచ్చు. అందుకే ఎక్కడ ఆపాలన్న తీర్పు పూర్తిగా దర్శకుడి మీద పడింది.

ఇక కెమెరా దగ్గర. మూడు సెకన్ల షాట్‌లో దాగిపోయే తప్పులన్నీ మూడు నిమిషాల షాట్‌లో బయటపడతాయి. ఆటో వైట్ బ్యాలెన్స్ (కెమెరా తనంతట తానే రంగు సరిచేసుకోవడం) పెట్టి వదిలేస్తే, ఎర్ర చీర కట్టుకున్న ఆమె ఫ్రేములోకి రాగానే గోడ రంగు మారుతుంది. ఆటో ఫోకస్ గాలికి ఊగే కొమ్మను వెతుక్కుంటూ పోతుంది. ఆటో ఐఎస్ఓ (వెలుగును బట్టి కెమెరా తనే సున్నితత్వం మార్చుకోవడం) తలుపు తెరవగానే గదిని చీకటి చేస్తుంది. ట్రైపాడ్ మీద ఉన్నప్పుడు కెమెరాలోని స్టెబిలైజర్ (వణుకు తగ్గించే ఏర్పాటు) ఆపకపోతే బొమ్మ మెల్లగా జారుతున్నట్టుంటుంది. నాలుగూ చేత్తో బిగించుకోవాల్సిందే. మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి ట్యూబులైటు, చౌక ఎల్ఈడీ బల్బు సెకనుకు వందసార్లు మిణుకుతాయి. షట్టర్ (ఒక్కో ఫ్రేము మీద వెలుగు పడే కాలం) సెకనులో 1/50 లేదా 1/100 వంతు ఉంటే కంటికి ఆనదు, ఫోనులో మామూలుగా వచ్చే 30 ఫ్రేములు, 1/60 ఉంటే గోడ మీద పట్టీలు పైకీ కిందికీ పాకుతాయి. ఫోనుతో తీసేవాళ్లకు ఇంకో చిక్కు: ఫోను ఫ్రేము వేగం నిలకడగా ఉండదు. పది నిమిషాల షాట్‌కు విడిగా తీసిన శబ్దం జతచేస్తే చివరికి పెదవులూ మాటా విడిపోతాయి. ఎడిటింగుకు ముందే ఫైళ్లను స్థిరమైన ఫ్రేము వేగానికి మార్చుకోవాలి. సెకనుకు 100 మెగాబిట్ల రికార్డింగు గంటకు 45 జీబీ తింటుంది. 90 నిమిషాల సినిమాకు ఎనిమిదింతలు తీస్తే 540 జీబీ. అది రెండు వేర్వేరు డ్రైవుల్లో, రెండు వేర్వేరు ఇళ్లలో ఉండాలి.

ఎండ మన దగ్గర అసలు సమస్య. మిట్టమధ్యాహ్నం ఐఎస్ఓ 100, షట్టర్ 1/50 పెడితే లెన్సు రంధ్రాన్ని ఎఫ్ 22 దాకా మూయాలి (ఎఫ్ అంకె పెరిగేకొద్దీ రంధ్రం చిన్నదవుతుంది). అంత మూస్తే బొమ్మ పదును తగ్గుతుంది, సెన్సర్ మీది దుమ్ము మచ్చలన్నీ తేలతాయి. ఎఫ్ 5.6కు రావాలంటే నాలుగు స్టాపులు (ఒక్కో స్టాపుకు వెలుగు సగమవుతుంది) ఆపే ఎన్డీ 16 అనే నల్లద్దపు ఫిల్టరు కావాలి. లాగ్‌లో (రంగులు తర్వాత దిద్దుకోవడానికి వీలుగా చప్పగా రికార్డు చేసే పద్ధతి) తీసే కెమెరా కనీస ఐఎస్ఓ 800 అయితే ఇంకో మూడు స్టాపులు కలిసి ఎన్డీ 128. తిప్పి మార్చే రకం ఎన్డీ చివరిదాకా తిప్పితే వెడల్పు లెన్సులో ఆకాశం మీద గుణకారం గుర్తు లాంటి నల్లచార పడుతుంది, కాబట్టి విడి ఫిల్టర్లే మేలు. ఏప్రిల్ ఆఖరు నుంచి మే మొదటి వారంలోపు, మళ్లీ ఆగస్టు రెండో వారంలో మన జిల్లాల్లో సూర్యుడు సరిగ్గా నడినెత్తికి వస్తాడు. నీడ కాళ్ల కిందే పడి, కళ్లు గుంటలవుతాయి. ముఖాలు తీయడానికి ఆ వేళ పనికిరాదు, కానీ చెట్టులేని దారి ఎలా ఉంటుందో చూపడానికి అంతకన్నా నిజమైన వెలుగు లేదు. డిసెంబరులో మధ్యాహ్నమైనా సూర్యుడు 50, 52 డిగ్రీల ఎత్తు మించడు. పొడవు నీడలతో రోజంతా తీసుకోవచ్చు. పొద్దుగుంకాక పనికొచ్చే వెలుగు ఇరవై నిమిషాల పైచిలుకే. నాలుగు నిమిషాల షాట్ అయితే రెండు టేకులు, మహా అయితే మూడు.

మిద్దె ఇంటి లోపల వెలుగు వేరే లోకం. పదడుగుల ఎత్తు మిద్దె కప్పుకున్న గవాచి (వెలుగు కంత) లోంచి పడే ఎండ బిళ్ల మధ్యాహ్నం వేళ నేల మీద నిమిషానికి దాదాపు అర అంగుళం జరుగుతుంది. నాలుగు నిమిషాల షాట్‌లో రెండంగుళాలు. దోసగింజలు చేట అంచున పెట్టి, ఎండ వాటిని దాటిపోయేదాకా చూపిస్తే గడియారం అక్కర్లేదు. అదే ఇంకో గంటకు రీటేక్ చేస్తే ఎండ బిళ్ల రెండున్నర అడుగులు జరిగి ఉంటుంది, ముందు షాట్‌తో కలవదు. ఆ గదిలోకి లైట్లు తెచ్చి నేరుగా కొడితే మట్టిగోడ ప్లాస్టిక్‌లా మెరుస్తుంది. సత్యజిత్ రాయ్ ‘అపరాజితో’ (1956)కు కెమెరామన్ సుబ్రత మిత్రా కాశీ ఇంటి సెట్ పైన తెల్లగుడ్డ పరిచి, లైట్లు దాని మీదికి కొట్టి, తిరిగివచ్చే మెత్తని వెలుగుతో తీశాడు. ఒక తెల్ల పంచె, వాకిట్లో ఎండ ఉంటే ఆ పని మనకు లైటు లేకుండానే అవుతుంది. పంచెను వాకిట్లో ఎండపడే చోట వాలుగా కట్టి, వెలుగును తలుపులోంచి లోపలికి మళ్లించాలి. గాలికి ఊగితే గోడ మీద వెలుగు కూడా ఊగుతుంది కాబట్టి నాలుగు మూలలా రాళ్లు కట్టాలి.

శబ్దం గురించి ఇంకా గట్టిగా చెప్పాలి, ఎందుకంటే ఇలాంటి సినిమాల్లో సగం ఓడిపోయేది అక్కడే. నేపథ్య సంగీతం లేని సినిమాలో ప్రతి కోతా వినబడుతుంది. 48 కిలోహెర్ట్జ్, 24 బిట్‌లో, గట్టి శబ్దం రికార్డరు మీటరు మీద మైనస్ 12 డెసిబెల్స్ దాటకుండా తీసుకోవాలి. మనుషులెవరూ కదలకుండా గది శబ్దం ఒక నిమిషం తీసుకోవడం అందరూ చెప్పే పాఠం. నిదానపు సినిమాకు అది చాలదు, మూడు నిమిషాలు కావాలి. నిమిషం ముక్కను తిప్పి తిప్పి వాడితే అందులో అరిచిన కాకి సరిగ్గా నిమిషానికోసారి అరుస్తుంది, జనం పట్టేస్తారు. ఫ్రిజ్ ఆపి తీయాలి, మళ్లీ వేయడం మరవకుండా బండి తాళం అందులో పెట్టడం సౌండ్ వాళ్ల పాత అలవాటు. పల్లెలో త్రీఫేజ్ కరెంటు వచ్చే వేళలు లైన్‌మన్‌ను అడిగి రాసుకోవాలి. కరెంటు రాగానే చుట్టూ మోటార్లన్నీ ఒక్కసారి లేస్తాయి, షాట్ సగం నిశ్శబ్దం, సగం మోత అయిపోతుంది. కావాలంటే ఆ మార్పునే షాట్‌గా మలచుకోవచ్చు. నీళ్ల కోసం కూర్చున్న మనిషి ముఖం మీద మోటారు మోత మొదలవడం కన్నా పెద్ద సంఘటన ఏముంటుంది? జూన్ నుంచి ఆగస్టు దాకా పడమటి గాలి ఎక్కువ. రామగిరి గాలిమరల వైపు బొచ్చు తొడుగు లేకుండా మైకు బయటికి తీయకూడదు. కర్నూలు, కడప పాతబస్తీల్లో అజాన్ పడిన షాట్‌ను మధ్యలో కోయలేం, తర్వాతి షాట్‌లో అది హఠాత్తుగా లేకపోతే చెవి ఎత్తిచూపుతుంది.

నటన తెలియనివాళ్లతో తీసేటప్పుడు చేతికి పని ఇవ్వడం ఒక్కటే దారి. కెమెరా తిప్పడానికి ఐదు నిమిషాల ముందే ఆ పని మొదలుకావాలి, ‘యాక్షన్’ అనకూడదు, కెమెరా మీది ఎర్రబల్బుకు టేపు అంటించాలి. మూడో టేకుకు వాళ్లు నటించడం మొదలుపెడతారు. రెండింటిలో రాకపోతే ఆ రోజుకు ఆపి, ఆనాటి కూలి పూర్తిగా ఇచ్చి పంపాలి. 1977లో మలయాళ దర్శకుడు అరవిందన్ ‘కాంచనసీత’ను మన రాష్ట్రంలో, రామచెంచు గిరిజనులతో తీశాడు. రామాయణ పాత్రలకు కిరీటాలు లేవు, మాటలు బహు తక్కువ. నల్లమలలో చెంచులు నేటికీ ఉన్నారు. వాళ్లతో అంత గౌరవంగా ఒక తెలుగు సినిమా ఎందుకు రాలేదని మన కొత్త దర్శకులు తమను తాము అడుగుకోవాలి.

వస్తువు సంగతికొస్తే, సీమ అంటే సుమోలు, వేటకొడవళ్లు అన్న సినిమా అలవాటును ఈ తరం దర్శకులు పక్కనపెట్టడమే పెద్ద మేలు. కేతు విశ్వనాథరెడ్డి, సింగమనేని నారాయణ, బండి నారాయణస్వామి కథల్లో ఎన్నడో ఉన్న కరువూ, వలసా, ఇంటి గుట్టూ తెర మీదికి రావడానికి ఇంతకాలం పట్టింది. ఈ జీవితంలో ఎదురుచూపు ఎక్కువ, అందుకే ఈ శైలి మన నేలకు అంతగా నప్పుతుంది. కోసిగి, మంత్రాలయం వైపు నుంచి గుంటూరు మిరపకోతలకు పోయిన ఇంట్లో ముసలివాళ్లూ, బడిపిల్లలే మిగులుతారు. తొలకరి పడగానే తుగ్గలి, జొన్నగిరి చేలల్లో వజ్రం కోసం తల వంచుకుని నడిచే జనం ఉంటారు. ఒక మనిషి పది నిమిషాలు నేల చూసుకుంటూ నడవడమే అక్కడ ఉత్కంఠ. రాజంపేట, రాయచోటి ఇళ్లలో కువైట్ ఫోను ఉంది. అక్కడి గడియారం మనకన్నా రెండున్నర గంటలు వెనక. అక్కడ పని ముగించుకుని ఏడున్నరకు తల్లి ఫోను చేస్తే ఇక్కడ పది, బిడ్డ నిద్రకు తూగుతుంటుంది. ఫోను వెలుగు తప్ప వేరే లైటు లేకుండా ఆ ముఖం మీద నాలుగు నిమిషాల షాట్ తీయొచ్చు. అయితే ఫోను వెలుగు తగ్గి తెర ఆరిపోకుండా సెట్టింగు మార్చుకోవాలి, 8 బిట్ (రంగుల మెట్లు తక్కువ ఉండే) రికార్డింగయితే చీకటి గోడ మీద మెట్లు మెట్లుగా చారలొస్తాయి, 10 బిట్ ఉండాలి.

వంటింటి పనీ సినిమా వస్తువేనని బెల్జియం దర్శకురాలు షాంతల్ అకెర్మాన్ 1975లో, 201 నిమిషాల ‘జాన్ డీల్మన్’తో రుజువు చేసింది. బంగాళదుంపలు చెక్కడం, కాఫీ కలపడం అందులో కదలని కెమెరా ముందు నడుస్తాయి. 2022లో బ్రిటన్ సినిమా పత్రిక ‘సైట్ అండ్ సౌండ్’ అత్యుత్తమ సినిమాల కోసం జరిపిన విమర్శకుల ఓటింగులో అదే మొదటి స్థానంలో నిలిచింది. సంగటి కెలకడానికి పట్టే కాలమూ, ఆ చేతి బలమూ మన తెర మీద ఇంతవరకు ఎవరూ పూర్తిగా చూపినట్టు మాకు తెలియదు. యాస విషయంలో ఒక్క మనవి. ‘పోతాండా’, ‘సేస్తాండారు’ అన్న మాట ఇంట్లో తల్లి నోట వచ్చినప్పుడు జనం నవ్వారంటే, దాన్ని ఇన్నాళ్లూ రౌడీకీ హాస్యగాడికీ మాత్రమే ఇచ్చిన సినిమాల ప్రభావం అది. డబ్బింగులో ఆ మాటను ‘శుభ్రం’ చేయకండి.

చివరిగా హాలు. ఇంత కష్టపడి తీసిన సినిమాను కాలేజీ సెమినార్ హాల్లో కిటికీ తెరలు లేకుండా, వాట్సాప్‌లో వచ్చిన ఫైలుతో, లాప్‌టాప్ స్పీకర్ల మీద వేసి, తర్వాత ‘అర్థం కాలేదు’ అంటున్నాం. ఎనిమిదడుగుల వెడల్పు తెరకు సరిపోయే ప్రొజెక్టరును పదహారడుగులకు లాగితే వెలుగు నాలుగో వంతవుతుంది. చీకటి షాట్లన్నీ నల్లగుడ్డే. చిన్న తెర, పూర్తి చీకటి, ముందువైపు రెండు మంచి స్పీకర్లు, ఆడేటప్పుడు ఆపే ఫ్యాన్లు ఉంటే చాలు. థియేటర్లోనైతే డీసీపీ (థియేటర్ ప్రొజెక్టరు ఆడించే డిజిటల్ ఫైళ్ల కట్ట) కావాలి. డీసీపీ-ఓ-మాటిక్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌తో ఇంట్లోనే చేసుకోవచ్చు. సెకనుకు 25 ఫ్రేములతో తీసి 24తో ఆడిస్తే 90 నిమిషాల సినిమా దాదాపు 94 అవుతుంది, గొంతులు కొంచెం బరువెక్కుతాయి. కాబట్టి మొదటి రోజే 24 అనుకుని దిగాలి. సౌండ్ మిక్సింగు థియేటర్ ఫేడర్ (శబ్దం పెంచే, తగ్గించే మీట) 7 మీద ఉంటుందన్న లెక్కతో చేస్తారు, చాలా హాళ్లలో దాన్ని నాలుగున్నర, ఐదుకు దించి ఉంచుతారు. ఫైటింగు సినిమాకు ఇబ్బంది లేదు. కీచురాళ్ల చప్పుడు మీద నిలబడిన సినిమా మాత్రం మూగదవుతుంది. ఆటకు ముందు దర్శకుడు బూత్‌లోకి వెళ్లి, అన్నిటికన్నా నిశ్శబ్దంగా ఉన్న రీలు వేయించి, ఫేడరు పెట్టించుకోవాలి. టికెట్టు పెట్టి థియేటర్లో ఆడించాలంటే సెన్సారు సర్టిఫికెట్టు తప్పనిసరి, దరఖాస్తు చూసేది హైదరాబాదు ప్రాంతీయ కార్యాలయం. లేపాక్షి లాంటి పురావస్తు శాఖ కట్టడాల్లో, టైగర్ రిజర్వు అడవిలో అనుమతి లేకుండా తీసిన షాట్లు ఆ తర్వాత పీకల మీదికి వస్తాయి. అక్కడ తీసేముందే కాగితం చేతిలో ఉండాలి.

మీ పత్రికను కోరేది మూడు. ఇలాంటి సినిమా మీద సమీక్ష రాసే విలేఖరి ఫోనులో లింకు చూసి రాయకుండా, హాల్లో చూసి రాసేలా చూడండి. హాలు బాగోలేకపోతే ఆ మాటా రాయమనండి. ప్రతి సమీక్షలో ఒక్క షాట్‌నైనా మొదటి నుంచి చివరిదాకా వర్ణించమనండి: ఎంతసేపుంది, కెమెరా ఎక్కడుంది, ఏం వినబడింది, ఏం మారింది, ఏమీ మారకపోతే ఆ సంగతే. జిల్లా పేజీలో ‘నేటి కార్యక్రమాలు’ కింద ప్రదర్శన వివరం వేసేటప్పుడు సినిమా నిడివి, విరామం ఉందా లేదా, తలుపులు ఎన్ని గంటలకు మూస్తారు అన్న మూడూ వేయండి. సగంలో వచ్చి కూర్చున్న మనిషికి ఈ సినిమాలు ఏమీ ఇవ్వలేవు. సమయానికి వచ్చి ముందు వరుసలో కూర్చునేందుకు సిద్ధంగా ఉన్నవాళ్లు అనంతపురంలోనూ, కర్నూలులోనూ, కడపలోనూ తగినంతమంది ఉన్నారు. ఆట ఎక్కడో, ఎప్పుడో వాళ్లకు రెండు రోజుల ముందు తెలిస్తే చాలు.

ఇట్లు,
సినిమాలు కలిసి చూసి చర్చించుకునే కొందరు మిత్రులు,
అనంతపురం